ఆర్కైవులలో స్వీయ ప్రస్తావన

ఆర్కైవులలో స్వీయ ప్రస్తావన అనగా ఒక ఆర్కైవు గాని, దాని విషయసూచిక గాని తనను గురించి తానే పేర్కొనడం, లేదా తనను తానే తనలో చేర్చుకోవడం. గ్రంథాలయ పట్టికలలోను, కంప్యూటరు దస్త్రాలలోను, విజ్ఞాన సర్వస్వాలలోను ఈ స్థితి ఏర్పడుతుంది. హైదరాబాదులోని హైటెక్ సిటీ, మాదాపూరు, గచ్చిబౌలి ప్రాంతాల కార్యాలయాలలో సర్వర్ల నుండి బ్యాకప్ తీసేవారికి ఇది కేవలం తర్కశాస్త్ర వినోదం కాదు. నకలు చెడిపోయిన సంగతి చాలాసార్లు దానితో అవసరం పడిన రోజున గాని బయటపడదు.

చిక్కు స్వరూపం

తమను తాము పేర్కొనని పట్టికలన్నిటికీ ఒక గ్రంథాలయాధికారి పెద్ద పట్టిక రాయదలచాడనుకుందాం. అందులో ఆ పెద్ద పట్టిక పేరు చేర్చాలా? చేర్చితే అది తనను పేర్కొన్నదవుతుంది కనుక అందులో ఉండరాదు. చేర్చకపోతే పేర్కొననిదవుతుంది కనుక తప్పక ఉండాలి. బెర్ట్రాండ్ రస్సెల్ 1901లో సమితులలో కనుగొన్న విరోధాభాసానికి ఇది గ్రంథాలయ రూపం. 1902లో ఆయన దీనిని లేఖ ద్వారా గాట్లోబ్ ఫ్రేగేకు తెలిపేనాటికి ఫ్రేగే గ్రంథం రెండవ సంపుటం అచ్చులో ఉన్నది. 1908లో రస్సెల్ సూచించిన పరిష్కారం అంతస్తుల విధానం. దీని ప్రకారం ఒక సముదాయాన్ని గురించి చెప్పేది ఆ సముదాయంలో భాగం కారాదు, దానికి ఒక మెట్టు పైన ఉండాలి.

తాను చెప్పేదంతా అసత్యమని ఒకడు చెప్పినప్పుడు ఆ మాట తనకే వర్తిస్తుందా అనే ప్రశ్నను సంస్కృత వైయాకరణుడు భర్తృహరి వాక్యపదీయంలో అంతకు ఎన్నో శతాబ్దాల ముందే చర్చించాడు. అట్టి వాక్యం తనను తాను ఉద్దేశించదని ఆయన నిర్ణయం. నేటి సాఫ్టువేరు పాటించే నియమం కూడా దాదాపు ఇదే.

బ్యాగిట్ పద్ధతి

అమెరికాలోని లైబ్రరీ ఆఫ్ కాంగ్రెస్, కాలిఫోర్నియా డిజిటల్ లైబ్రరీల కృషితో రూపొందిన బ్యాగిట్ 2018లో ఆర్‌ఎఫ్‌సీ 8493గా ప్రచురితమైనది. ఇందులో భద్రపరచవలసిన దస్త్రాలు ఒక ప్రత్యేక ఫోల్డరులో ఉంటాయి. ప్రతి దస్త్రం నుండి గణించిన హ్యాష్ విలువ జాబితాలో నమోదవుతుంది. దస్త్రంలో ఒక్క అక్షరం మారినా హ్యాష్ మారిపోతుంది కనుక చెడిన దస్త్రాన్ని వెంటనే గుర్తించవచ్చును. మరి ఆ జాబితాయే చెడిపోతే? అందుకు రెండవ జాబితా కలదు. అది మొదటి జాబితాకు, ఇతర వివరణ దస్త్రాలకు హ్యాష్ విలువలు ఇస్తుంది. అయితే రెండవ జాబితా తన హ్యాష్‌ను తనలో రాసుకోజాలదు. రాసిన మరుక్షణం దస్త్రం మారుతుంది, దానితో హ్యాష్ కూడా మారుతుంది. అందువలన రెండవ శ్రేణి జాబితాలను వాటిలోనే పేర్కొనరాదని నిబంధన. ఆ పై జాబితాను కాపాడే ఆధారం సంచికి వెలుపల, మరొక యంత్రంలోనో రిజిస్టరులోనో ఉండాలి. ఆచరణలో ఎక్కువగా ఉపేక్షకు గురయ్యేది ఈ చివరి మెట్టే.

టార్, గిట్, జిప్

గ్నూ టార్ ఒక ఫోల్డరును మూట కడుతుండగా ఆ మూట కూడా అదే ఫోల్డరులో ఉంటే దానిని గుర్తించి, హెచ్చరిక చూపి వదలివేస్తుంది. కాని ఫలితాన్ని గొట్టం ద్వారా మరో ప్రోగ్రాముకు పంపి, అక్కడ కుదించి అదే ఫోల్డరులో దాచితే టార్ దానిని తన మూటగా పోల్చుకోలేదు. పెరుగుతున్న ఆ దస్త్రం సగంలోనే లోపలికి చేరవచ్చును. నకలును ఎల్లప్పుడూ వేరొక చోట రాయడమే దీనికి మందు.

2005లో వచ్చిన గిట్‌లో ప్రతి కమిట్ సంఖ్య దాని విషయం నుండే గణించబడుతుంది. కనుక ఆచరణలో ఒక కమిట్ తనకు ముందున్నవాటిని మాత్రమే పేర్కొనగలదు, తనను పేర్కొనలేదు. ఇందుకు భిన్నంగా, విప్పితే మళ్ళీ తానే వచ్చే జిప్ దస్త్రాన్ని 2010లో రస్ కాక్స్ నిర్మించి చూపాడు! మూటలోని మూటను విప్పుకుంటూ పోయే వైరస్ తనిఖీ ప్రోగ్రాములు ఇటువంటి వాటిలో చిక్కుకొనకుండా లోతుకు ఒక పరిమితి పెట్టుకుంటాయి.

తెలుగు పుస్తకాలు, విజ్ఞాన సర్వస్వం

రాజ్ రెడ్డి నాయకత్వంలోని మిలియన్ బుక్స్ ప్రాజెక్టుకు గచ్చిబౌలిలోని ఐఐఐటీ ఒక ప్రధాన స్కానింగ్ కేంద్రంగా పనిచేసింది. డిజిటల్ లైబ్రరీ ఆఫ్ ఇండియాకు చెందిన అనేక తెలుగు పుస్తకాలు తరువాత ఇంటర్నెట్ ఆర్కైవులోనికి చేరాయి. తెలుగు పేర్లను ఆంగ్ల లిపిలో రాయడం వలన వాటి వివరాలలో అక్షర దోషాలు చాలా ఉన్నాయి. ఒక చోటి నుండి మరొక చోటికి వివరాలు నకలైనప్పుడు దోషమూ నకలవుతుంది. రెండు చోట్ల ఒకే సంవత్సరం కనబడినంత మాత్రాన రెండు సాక్ష్యాలు ఉన్నట్లు కాదు.

2003 డిసెంబరులో ప్రారంభమైన తెలుగు వికీపీడియాకు ఇదే చిక్కు మరొక రూపంలో ఎదురవుతుంది. వ్యాసంలోని ఆధారం లేని వాక్యాన్ని ఎవరైనా పత్రికలో వాడుకొని, తరువాత ఆ పత్రికనే వ్యాసానికి మూలంగా చూపితే, వ్యాసానికి వ్యాసమే సాక్షి అవుతుంది. దీనికి 2011లో రాండల్ మన్రో తన ఎక్స్‌కేసీడీ వ్యంగ్యచిత్రంలో సైటోజెనిసిస్ అని పేరు పెట్టాడు. వికీపీడియాను, దాని నకలు సైట్లను మూలాలుగా చూపరాదనే నియమం ఇందుకే ఏర్పడింది. అనుమానం కలిగినప్పుడు వ్యాస చరిత్ర తెరచి, ఆ వాక్యం చేరిన తేదీని పత్రిక తేదీతో పోల్చవలెను. వాక్యమే ముందుదైతే ఆ మూలం పనికిరాకపోవచ్చును. పత్రిక ఆ సంగతిని వేరొక చోట నుండి స్వతంత్రంగా గ్రహించినదా అన్నది చూడవలసి ఉంటుంది.