పెళ్లి సీడీలు పారేయకండి

సోలాపూర్‌లో మన వాళ్ల ఇళ్లల్లో బీరువా పైన పాత పెళ్లి సీడీలు ఇంకా ఉన్నాయి. చూద్దామంటే టీవీ కింది ప్లేయర్ ఎప్పుడో చెడిపోయింది. పిల్లలు కొన్న కొత్త కంప్యూటర్లో సీడీ పెట్టే చోటే లేదు. ఇక నడవవని కొందరు పారేస్తున్నారు. నడుస్తాయి. పోయిన అమ్మానాన్నలు అక్షింతలు వేస్తూ నవ్వేది ఆ సీడీల్లోనే కదా!

ముందు యూఎస్‌బీకి తగిలించే డీవీడీ డ్రైవ్ కావాలి. ఇంటికొకటి అక్కర్లేదు, గల్లీకొకటి చాలు.

తర్వాత వీఎల్‌సీ ప్లేయర్. 1996లో పారిస్ దగ్గర ఒక ఇంజనీరింగ్ కాలేజీ పిల్లలు మొదలుపెట్టిన పని ఇది. పైసా ఖర్చు లేదు, అడ్వర్టైజ్‌మెంట్లు రావు. రోడ్డు పనుల దగ్గర పెట్టే నారింజ రంగు టోపీ దీని గుర్తు. వీడియోలాన్ డాట్ ఓఆర్‌జీ అని మీరే టైపు చేసి దించుకోండి. డబ్బులో, కార్డు నంబరో అడిగితే అది అసలుది కాదు, మూసేయండి.

నూలును కండెకు చుట్టినట్టు, వీడియోను బిగించి చుట్టి ఫైల్లో పెడతారు. విప్పే పనిముట్టు పేరు కోడెక్. వీఎల్‌సీలో అవి ముందే ఉంటాయి, వేరేగా వేయక్కర్లేదు.

సీడీని మెత్తటి బట్టతో నడుమ నుంచి అంచుకు నిలువుగా తుడవండి, గుండ్రంగా తిప్పొద్దు. డ్రైవ్‌లో పెట్టి తెరిస్తే ఎంపెగ్ ఏవీ అనే ఫోల్డరు, దాంట్లో డీఏటీ ఫైళ్లు కనబడతాయి. వాటిని కంప్యూటర్లోకి కాపీ చేయండి. డీవీడీ అయితే వీడియో టీఎస్ ఫోల్డరు మొత్తం కాపీ చేయాలి. ఫైలు మీద మౌసు కుడి బటన్ నొక్కి, ఓపెన్ విత్‌లో వీఎల్‌సీని ఎంచుకోండి.

బొమ్మ ఆడేటప్పుడు ఈ బటన్లు గుర్తుంచుకోండి. మనుషులు కదిలితే దువ్వెన పళ్లలాగ గీతలొస్తే డి. బొమ్మ అడ్డంగా సాగి ముఖాలు లావైతే ఏ, సరిపోయేదాకా నొక్కాలి. పెదవి కంటే మాట ముందొస్తే కె, వెనకబడితే జె. తెరంతా నిండాలంటే ఎఫ్. ఆపాలంటే స్పేస్.

చివరగా ఒక మాట. కాపీ ఒక్కచోటే పెట్టొద్దు. కంప్యూటర్లో ఒకటి, పెన్‌డ్రైవ్‌లో ఇంకొకటి ఉండాలి. సీడీ మీది పూత ఏళ్లు గడిచేకొద్దీ పాడవుతుంది. ఈ రోజు ఆడింది వచ్చే ఏడు ఆడకపోవచ్చు. వచ్చే సెలవు రోజు ఆ బీరువా పైన చెయ్యి పెట్టి చూడండి.