శనగగింజంత గ్రంథిలో గడ్డ పుడితే...

టీవీలో కుస్తీ పోటీలు చూసిన తమ్ముళ్లకు గ్రేట్ ఖలీ గురించి ప్రత్యేకంగా చెప్పనక్కర్లేదు. అసలు పేరు దలీప్ సింగ్ రాణా, సొంత రాష్ట్రం హిమాచల్ ప్రదేశ్. ఎత్తు ఏడడుగుల పైమాటే. ఆయన రింగులోకి అడుగు పెడితే చాలు, మన హాస్టల్ టీవీ గదిలో ఈలలే ఈలలు! అంతటి మనిషికి 2012లో అమెరికాలోని పిట్స్‌బర్గ్‌లో ఆపరేషన్ చేసి, మెదడు అడుగున ఉన్న ఒక గడ్డను తీశారు. ఆ ఎత్తు, ఆ దవడ, ఆ అరచేతులు అన్నీ దాని చలవే. అది పుట్టిన చోటు పీయూష గ్రంథి.

పీయూష గ్రంథి బొమ్మను మనమంతా పదో తరగతి జీవశాస్త్రంలో గీసినవాళ్లమే. భాగాలు గుర్తించి, మార్కులు తెచ్చుకుని, పరీక్ష అయిన మర్నాడే మరిచిపోయినవాళ్లమే. ముక్కు మొదలు దగ్గర వేలు పెట్టి అక్కడినుంచి నేరుగా తల లోపలికి వెళ్తే తగులుతుంది. బరువు అర గ్రాము, పరిమాణం శనగగింజంత. కపాలం అడుగు ఎముకలో ఒక చిన్న గుంటలో భద్రంగా కూర్చుని ఉంటుంది. పాతకాలపు శరీర శాస్త్రజ్ఞులకు ఆ గుంట గుర్రం మీద వేసే టర్కీ జీనులా కనిపించి, అదే పేరు పెట్టేశారు.

మామిడి కోతల రోజుల్లో మన ఊళ్లలో ముఠా మేస్త్రి ఉంటాడు కదా. కాయ కోసేది ఆయన కాదు, మోసేదీ ఆయన కాదు. కానీ ఆయన కేక వేయకపోతే పని జరగదు. పీయూష గ్రంథి పనీ అలాంటిదే. అవటు గ్రంథికి, అధివృక్క గ్రంథికి, అండాశయాలకు, వృషణాలకు కబురు పంపుతుంది. ఎముకలు పెరగమని, తల్లికి పాలు పడమని చెప్పేదీ ఇదే. ఈ మేస్త్రి మీద తోట యజమాని హైపోథలామస్. రక్తంలో హార్మోను చాలినంత చేరగానే ‘ఇక ఆపు’ అన్న మాట వెనక్కి వస్తుంది, మేస్త్రి ఆపుతాడు.

గడ్డ పుట్టడమంటే, ఆ ‘ఆపు’ అన్న మాట వినని కణం ఒకటి తయారవడం. ఒకే ఒక్క కణంలో జన్యువు మారిపోతుంది, అది విభజన చెందుతూ తనలాంటి కణాలనే పుట్టిస్తుంది. పెరుగుదల హార్మోను గడ్డల్లో సుమారు నూటికి నలభైలో గ్నాస్ అనే జన్యువులో మార్పు కనిపిస్తుంది. ఈ మార్పు ఆ గడ్డ వరకే పరిమితం, తల్లిదండ్రుల నుంచి వచ్చింది కాదు. వంశంలో వచ్చేవి నూటికి ఐదు వరకు ఉంటాయి. పద్దెనిమిదో శతాబ్దంలో ‘ఐరిష్ జయంట్’గా పేరుపడ్డ చార్లెస్ బర్న్ అలాంటివాడే. 1783లో చనిపోయిన ఆయన దంతాల నుంచి తీసిన డీఎన్‌ఏలో ఏఐపీ జన్యువు లోపం ఉందని 2011లో తేల్చారు.

గడ్డ అనగానే క్యాన్సర్ అని గుండెలు బాదుకోనక్కర్లేదు. వీటిలో క్యాన్సర్ అత్యంత అరుదు. ఏ బాధా పెట్టని చిన్న గడ్డలు సుమారు పదిమందిలో ఒకరికి ఉంటాయి, వాళ్లకు ఆ సంగతే తెలియదు. వైద్యం అవసరమయ్యేవి మాత్రం వెయ్యిమందిలో ఒకరికి. బెల్జియంలోని లీజ్ ప్రాంతంలో లెక్క తీసి 2006లో ప్రకటించిన సంఖ్య ఇదే. పది మిల్లీమీటర్ల లోపుంటే చిన్న గడ్డ, ఆ పైన పెద్ద గడ్డ అంటారు.

ఇక మా పెద్దమ్మ సంగతి. మామిడికాయల ప్యాకింగ్ షెడ్డులో పని చేసేది. ఒక ఏడాది వేలి ఉంగరం ఎక్కడం మానేసింది, కంసాలి దగ్గర కోయించుకుంది. తర్వాత ఆరో నంబరు చెప్పులు ఎనిమిదికి వచ్చాయి. ‘పనిచేసే చేతులు, కాయ కాస్తాయి’ అన్నారు అందరూ. మోకాళ్ల నొప్పులకు ఊళ్లో సూదులు, తలనొప్పికి బిళ్లలు, షుగరుకు వేరే బిళ్లలు, గురకకు నవ్వులు. ముక్కు, పెదవులు లావెక్కి ముఖం మారిపోతుంటే గాలి సోకిందని తాయెత్తు కూడా కట్టారు. ఒక్కో జబ్బుకు ఒక్కో మందు పడింది గానీ అన్నిటికీ మూలం ఒకటేనని ఎనిమిదేళ్ల దాకా ఎవరికీ తట్టలేదు. చివరికి షుగరు చూపించుకోవడానికి వెళ్తే ఒక చిన్న వయసు డాక్టరమ్మ, ‘మీ పాత ఫొటో ఏదైనా ఉందా?’ అని అడిగింది. ఓటరు కార్డు తీసి చూపించింది పెద్దమ్మ. ఆ ఫొటోనూ ఎదురుగా ఉన్న మనిషినీ మార్చి మార్చి చూసి, రక్తపరీక్షకూ ఎమ్మారైకీ రాసింది.

ఈ జబ్బు పేరు అక్రోమెగలీ. 1886లో ఫ్రెంచి వైద్యుడు పియర్ మేరీ పెట్టిన పేరు. ఎముకల చివర్లు మూసుకుపోకముందే, అంటే చిన్న వయసులో, పెరుగుదల హార్మోను ఎక్కువైతే మనిషి తాటిచెట్టులా సాగుతాడు. అమెరికాకు చెందిన రాబర్ట్ వాడ్లో అలా ఎనిమిది అడుగుల పదకొండు అంగుళాలు పెరిగి, 1940లో ఇరవై రెండేళ్లకే చనిపోయాడు. ఎముకలు మూసుకున్నాక ఎక్కువైతే పొడవుకు చోటు లేదు, చేతులూ పాదాలూ దవడా నాలుకా పెరుగుతాయి. లోపల గుండె కూడా పెరుగుతుంది, అసలు ప్రమాదం అక్కడే. నెమ్మదిగా వచ్చే మార్పు కాబట్టి రోజూ చూసే ఇంటివాళ్లకు తెలియదు. జబ్బు పట్టుబడేసరికి ఐదు నుంచి పదేళ్లు గడవడం ప్రపంచమంతటా మామూలే.

చెల్లెళ్లు శ్రద్ధగా చదవాల్సింది ఇప్పుడు చెప్పేది. ఈ గడ్డల్లో అన్నిటికంటే ఎక్కువగా కనిపించేవి ప్రొలాక్టిన్ గడ్డలు. ప్రొలాక్టిన్ తల్లికి పాలు పట్టించే హార్మోను. గడ్డ వల్ల అది ఎక్కువైతే నెలసరి ఆగిపోతుంది, పెళ్లికాని పిల్లకైనా రొమ్ము నుంచి పాలలాంటి ద్రవం కారుతుంది. మన పల్లెల్లో ఈ రెండూ ఒక ఆడపిల్లలో కనిపిస్తే ఏమంటారో మీకు తెలుసు. ఆ మాటలకు భయపడి ఎన్ని నెలలైనా దాచుకునే పిల్లలున్నారు. అది నడవడిక సంగతి కాదు, రక్తపరీక్షలో తేలే సంగతి. గర్భం, అవటు గ్రంథి మందగించడం, వాంతులకు వాడే డోంపెరిడోన్, కొన్ని మానసిక వ్యాధుల మందులు కూడా ప్రొలాక్టిన్‌ను పెంచుతాయి కాబట్టి డాక్టరు ముందు వాటిని విచారిస్తారు. మగవాళ్లలో ఇదే గడ్డ కోరికను, వీర్యకణాలను తగ్గిస్తుంది. పిల్లలు లేరని భార్యను మాత్రమే ఆస్పత్రుల చుట్టూ తిప్పే భర్తలు ఇది గమనించాలి.

ముఖం చంద్రబింబంలా గుండ్రమై, పొట్ట పెరిగి, కాళ్లూ చేతులూ సన్నబడి, పొట్ట మీద ఊదారంగు చారలు పడితే అది కుషింగ్ జబ్బు కావచ్చు. అమెరికన్ శస్త్రవైద్యుడు హార్వే కుషింగ్ 1932లో దీన్ని పీయూష గ్రంథి గడ్డతో ముడిపెట్టాడు. కానీ మన దగ్గర ఇలాంటి ముఖం కనిపిస్తే ముందు అడగాల్సిన ప్రశ్న వేరు: నొప్పులకు ఏ బిళ్లలు మింగుతున్నావు? స్టెరాయిడ్ బిళ్లలు ఎక్కువకాలం మింగినా అచ్చం ఇలాగే అవుతుంది.

కొన్ని గడ్డలు ఏ హార్మోనూ ఎక్కువగా వదలవు, చోటు మాత్రం ఆక్రమిస్తాయి. ఈ గ్రంథికి సరిగ్గా పైనే రెండు కళ్ల నరాలు ఒకదాన్నొకటి దాటుకుంటాయి. గడ్డ పైకి పెరిగి అక్కడ నొక్కితే రెండు పక్కల చూపూ పోతుంది. ఎదుటిది బాగానే కనిపిస్తుంది, కంటి బోర్డు అక్షరాలన్నీ చదివేస్తాడు. కానీ సైకిల్ మీద పోతుంటే పక్కనుంచి వచ్చే ఆటో కనపడదు, గుమ్మానికి భుజం కొట్టుకుంటాడు. దీన్ని హాస్టల్లోనే చూడొచ్చు. ఇద్దరు ఎదురెదురుగా మూరెడు దూరంలో కూర్చోండి. ఒకరు కుడి కన్ను, ఎదుటివారు ఎడమ కన్ను మూసుకుని ఒకరి ముక్కు ఒకరు చూడండి. వేలును పక్కనుంచి మెల్లగా మధ్యకు తీసుకురండి. ఇద్దరికీ ఇంచుమించు ఒకేసారి కనపడాలి. ఒకరికి బాగా ఆలస్యమైతే కళ్ల డాక్టరు దగ్గర పూర్తి పరీక్ష చేయించాలి. హఠాత్తుగా భరించలేని తలనొప్పి, వాంతులు, చూపు మందగించడం కలిసి వస్తే మాత్రం గడ్డలో రక్తస్రావం కావచ్చు. తెల్లారేదాకా ఆగకూడదు, అప్పుడే పెద్దాసుపత్రికి పోవాలి.

వైద్యం దగ్గరికొస్తే, ప్రొలాక్టిన్ గడ్డకు చాలామందికి కత్తి అవసరం లేదు. కేబర్గోలిన్ అనే బిళ్ల వారానికి ఒకటి రెండుసార్లు వేసుకుంటే హార్మోను దిగుతుంది, గడ్డ కూడా కుంచించుకుపోతుంది. మిగతావాటిలో ఎక్కువకు ఆపరేషనే. తల కోయరు! ముక్కు రంధ్రం గుండా వెళ్లి, వెనకున్న ఎముకను కొద్దిగా తొలిచి గడ్డను తీస్తారు. ముక్కు దారిన మొదటిసారి 1907లో ఆస్ట్రియాలోని ఇన్స్‌బ్రుక్‌లో హెర్మన్ ష్లాఫర్ చేశాడు. ఇప్పుడు సన్నని ఎండోస్కోపు కెమెరాతో చేస్తున్నారు. మన దేశంలో న్యూరోసర్జరీ 1949లో వెల్లూరులో డాక్టర్ జాకబ్ చాందీతో, 1950లో మద్రాసులో డాక్టర్ రామమూర్తితో మొదలైంది. తర్వాత విశాఖపట్నం కింగ్ జార్జి ఆస్పత్రిలో డాక్టర్ బాలపరమేశ్వరరావు ఈ విభాగాన్ని నెలకొల్పారు. అంతకుముందు మన కోస్తా రోగులకు మద్రాసు రైలే దిక్కు. గడ్డ పూర్తిగా రాకపోతే నెలనెలా ఆక్ట్రియోటైడ్ సూదులో, గామా నైఫ్ అనే కిరణ చికిత్సో ఉంటాయి. ఆ సూదులు ఖరీదైనవి.

పెద్దమ్మ ఆపరేషన్ ప్రభుత్వ ఆరోగ్య పథకం కిందే జరిగింది. 2007లో ఆరోగ్యశ్రీగా మొదలైన పథకం మన ఆంధ్రలో 2024 నుంచి డాక్టర్ ఎన్టీఆర్ వైద్య సేవ పేరుతో నడుస్తోంది. వారం రోజులు గట్టిగా ముక్కు చీదవద్దన్నారు, ముక్కు నుంచి నీళ్లలా కారితే వెంటనే రమ్మన్నారు. అది మెదడు చుట్టూ ఉండే ద్రవం కావచ్చు. మొదటి రోజుల్లో విపరీతమైన దాహం, మూత్రం చాలామందికి వచ్చి తగ్గిపోతాయి. చేతుల వాపు నెలల్లోనే దిగింది, షుగరు బిళ్ల ఒకటి తగ్గింది. పెరిగిన ఎముక మాత్రం తగ్గదు, దవడ అలాగే ఉంది.

గ్రంథి దెబ్బతిన్నవాళ్లు హైడ్రోకార్టిసోన్ బిళ్ల రోజూ వేసుకోవాలి. బాగుందని మధ్యలో మానేస్తే ప్రాణానికే ముప్పు. జ్వరం వచ్చినప్పుడు మోతాదు ఎంత పెంచాలో డాక్టరు ముందే రాసిస్తారు. పెద్దమ్మ ఆ చీటీని ఆధార్ కార్డు వెనకాల పెట్టి ప్లాస్టిక్ కవరు వేయించుకుంది. ఎప్పుడైనా స్పృహ తప్పితే 108 వాళ్లకు మొదట కనపడాల్సింది అదేనట.