పొలం హద్దుకు ఉపగ్రహ సాక్ష్యం: ముడి డేటా ఎందుకు దాచాలి?

ఛత్తీస్‌గఢ్‌లోని సుక్మా జిల్లా కోంటా బ్లాకులో, తెలంగాణ సరిహద్దుకు చేరువలో ఉంది కిష్టారం. ఇలాంటి అడవి పల్లెల్లో 2006 నాటి అటవీ హక్కుల చట్టం కింద పట్టా కోరితే, సాగు భూమి హద్దులు తేల్చడానికి జీపీఎస్ వాడుతున్నారు. చివరికి కాగితం మీదికి వచ్చేవి కొన్ని అక్షాంశ, రేఖాంశాలు. అవి తప్పని రైతు అంటే? మళ్లీ లెక్కగట్టాలంటే ఆ అంకెలకు మూలమైన ముడి డేటా ఉండాలి.

రిసీవర్ నిజానికి స్థానాన్ని కొలవదు. ఒక్కో ఉపగ్రహం నుంచి సంకేతం చేరడానికి పట్టిన సమయాన్నీ, ఆ తరంగం దశనూ కొలుస్తుంది. స్థానం ఆ తర్వాత కట్టే లెక్క. జీపీఎస్ ప్రధాన తరంగం పొడవు సుమారు 19 సెంటీమీటర్లు, అంటే జానెడు. ఆ జానెడులో ఎక్కడున్నామో పట్టుకోవడం వల్లే సర్వే పరికరాలు సెంటీమీటర్లలో కొలవగలవు. చిక్కల్లా, ఒక్కో కంపెనీ ఈ కొలతలను తనదైన బైనరీ ఫైలులో రాయడమే.

1989లో యూరప్‌లో జరిగిన ఒక పెద్ద సర్వేలో నాలుగు కంపెనీలవి 60కి పైగా రిసీవర్లు వాడారు. ఆ డేటానంతా కలపడానికి బెర్న్ విశ్వవిద్యాలయంలో వెర్నర్ గుర్ట్‌నర్ ‘రైనెక్స్’ రూపొందించారు. ఇది మామూలు టెక్స్ట్ ఫైలు, నోట్‌ప్యాడ్‌లోనూ తెరుచుకుంటుంది. పైభాగంలో రిసీవర్, యాంటెన్నా వివరాలు. కింద క్షణాలవారీగా ఒక్కో ఉపగ్రహం కొలతలు. 2015 నాటి 3.03 వెర్షన్ నుంచి మన నావిక్‌కూ అందులో చోటుంది. హైదరాబాద్ ఎన్‌జీఆర్‌ఐలోని అంతర్జాతీయ స్టేషన్ డేటా కూడా ప్రపంచానికి ఈ రూపంలోనే అందుతుంది.

మార్చడం కష్టమేమీ కాదు. ఆర్‌టీకేలిబ్ వంటి ఉచిత సాఫ్ట్‌వేర్ చాలా కంపెనీల ఫైళ్లను చదువుతుంది. జాగ్రత్త పడాల్సింది యాంటెన్నా ఎత్తు దగ్గర. అక్కడ పది సెంటీమీటర్లు తప్పు రాస్తే, లెక్కలో వచ్చే ఎత్తూ అంతే తప్పుతుంది. ఇంకో మాట: రైనెక్స్‌లోకి మార్చినంత మాత్రాన కచ్చితత్వం పెరగదు. చెట్ల గుబురు కింద తెగిపోయిన సంకేతం ఫైలులోనూ తెగిపోయే ఉంటుంది. అయితే ఆ తెగిన చోట్లు అందులో కనిపిస్తాయి, కాగితం మీది అంకెల్లో కనిపించవు.

చేతిలో ఇమిడే చిన్న జీపీఎస్ పరికరాలు చాలావరకు ముడి కొలతలను దాచవు. 2016లో వచ్చిన ఆండ్రాయిడ్ 7 నుంచి మాత్రం అనేక ఫోన్లు వాటిని బయటికిస్తున్నాయి. సాంకేతికత మిగతా సాక్ష్యాలకు తోడే తప్ప ప్రత్యామ్నాయం కాదని అటవీ హక్కుల నిబంధనలకు 2012లో చేసిన సవరణ చెబుతోంది. గ్రామసభ పెద్దల మాటకు తోడుగా సర్వే ఫైలు కూడా నిలవాలంటే, హద్దు కొలిచిన రోజే దాని రైనెక్స్ ప్రతిని గ్రామసభ చేతికి ఇవ్వాలి.