హరీంద్రనాథ చటోపాధ్యాయ

మేడ్చల్ స్టేషనున రైలు కూత విని, ఆ చప్పుడును నోటితో అనుకరింపని బాలుడుండడు. ఆ చప్పుడునే పాటగా మలచిన కవి హైదరాబాదున పుట్టినవాడని మేడ్చల్, శామీరుపేట శ్రోతలలో ఎందరెరుగుదురు? 1968లో వచ్చిన 'ఆశీర్వాద్' హిందీ చిత్రమున అశోక్ కుమార్ పాడిన రైలుబండి పాట హరీంద్రనాథ చటోపాధ్యాయగారి రచన.

వీరు 1898 ఏప్రిల్ 2న జన్మించిరి. తండ్రి అఘోరనాథులు, తరువాత నిజాం కళాశాలగా మారిన హైదరాబాదు కళాశాలకు తొలి ప్రిన్సిపాలు. సరోజినీ నాయుడు వీరి అక్కగారు. తొలి ఆంగ్ల కవితాసంపుటి 1918లో వెలువడెను. 1952లో, కమ్యూనిస్టుల మద్దతుతో స్వతంత్రునిగా నిలిచిన ఈ బెంగాలీ కవిని విజయవాడ ఓటర్లు తొలి లోక్‌సభకు పంపిరి. తెలుగువాడు కాని కవికి తెలుగువారు పట్టము గట్టుట చిన్న సంగతి కాదు.

వృద్ధాప్యమున నటన వీరికి కొత్త కీర్తిని తెచ్చెను. 'బావర్చీ' (1972)లో ఇంటికి పెద్దయైన తాత. సత్యజిత్ రాయ్ 'సోనార్ కెల్లా' (1974)లో సర్వమెరిగిన సిద్ధు జేఠా. 1973లో పద్మభూషణ్ లభించెను. 1990 జూన్ 23న కన్నుమూసిరి.

అక్కగారి పేరు నగరమున నిలిచినది, తమ్మునిది మరుగుపడినది. కవులు నటుడనిరి, నటులు కవియనిరి. తమవాడని గట్టిగా చెప్పుకొన్నవారు తక్కువయని మా తలంపు. పిల్లలు ఆ పాట పాడునపుడు, కవి పేరు కూడ వారికి చెప్పవలెనని మా మనవి.