మెరుపు తెచ్చే నత్రజని, మడి పోగొట్టే నత్రజని

ఉరుములూ మెరుపులతో వాన పడితే చేను నిగనిగలాడుతుందని మన పెద్దలంటారు. ఆ మాటలో కొంత నిజముంది.

గాలిలో నూటికి 78 పాళ్లు నత్రజని, 21 పాళ్లు ప్రాణవాయువు. పక్కపక్కనే ఉన్నా ఇవి మామూలు వేడికి కలవవు. మెరుపు వేడికి కలుస్తాయి. ఒక పరమాణువు నత్రజనికి ఒక పరమాణువు ప్రాణవాయువు చేరితే నైట్రిక్ ఆక్సైడు. దానికి ఇంకొకటి తోడైతే నైట్రోజన్ డై ఆక్సైడు. డై అంటే రెండు. ఇది గోధుమరంగు విషవాయువు, ఊపిరితిత్తులను పాడుచేస్తుంది. అదే వాననీటిలో కలిసి నేలకు దిగితే నైట్రేటు, పైరుకు తిండి. అయితే మెరుపు తెచ్చేది కొద్దిగానే. దాంతో పంట పండదు.

లెక్క తిరగబడి రెండు నత్రజనికి ఒక ప్రాణవాయువు చేరితే నైట్రస్ ఆక్సైడు. 1844లో అమెరికాలో హోరేస్ వెల్స్ అనే పళ్ల డాక్టరు నొప్పి తెలియకుండా పన్ను పీకడానికి వాడింది ఇదే.

సరుకులు రెండే. పాళ్లు మారితే గుణం మారుతుంది. రెండు మూలకాలతో అయ్యే పదార్థాల్లో ఇది తరచూ చూస్తాం. బొగ్గు బాగా కాలితే కార్బన్ డై ఆక్సైడు వస్తుంది. గాలాడని గదిలో కుంపటి పెడితే వచ్చే మోనాక్సైడు నిద్రలోనే ప్రాణం తీస్తుంది. మోనో అంటే ఒకటి.

ఈ లెక్క కూలివాళ్లకూ కౌలురైతులకూ ఎందుకంటారా? 2025 ఖరీఫ్‌లో తెలంగాణలో యూరియా బస్తా కోసం రైతులు గంటల తరబడి క్యూలో నిలబడ్డారు. 45 కిలోల బస్తాలో నత్రజని 20 కిలోల పైచిలుకు. నిలవనీళ్ల మీద చల్లితే అందులో కొంత అమోనియాగా గాలికి పోతుంది. మడి ఆరినప్పుడు తయారైన నైట్రేటు మళ్లీ నీట మునిగితే, గాలి తగలని బురదలో సూక్ష్మజీవులు దానిలోని ప్రాణవాయువును లాక్కుంటాయి. మిగిలిన నత్రజని గాల్లోకి లేస్తుంది, కొంత నైట్రస్ ఆక్సైడుగా. నూరేళ్ల లెక్కన భూమిని వేడెక్కించడంలో అది, బరువుకు బరువు, కార్బన్ డై ఆక్సైడుకు సుమారు 273 రెట్లు.

విరుగుడు తెలిసిందే. నీళ్లు తీసేసి బురద పదునులో చల్లాలి. ఒకటి రెండు రోజులాగి నీళ్లు పెట్టాలి. ఎరువును రెండు మూడు దఫాలుగా వేయాలి.

మేము అడిగేది ఇదీ. తీసిన నీళ్లు మళ్లీ వస్తాయన్న నమ్మకం లేని కాలవ చివరి రైతు నీళ్లెలా తీస్తాడు? దఫాకోసారి బస్తా దొరుకుతుందన్న భరోసా లేనివాడు దొరికిన రోజే గుమ్మరించడా? గుర్తింపు లేని కౌలుదారు ఎవరి పేరు చెప్పి బస్తా తెచ్చుకోవాలి?

భూమి వేడెక్కడానికి రైతే కారణమని వేలెత్తి చూపేవాళ్లు ముందు వీటికి జవాబు చెప్పాలి. గాలికి పోయే నత్రజనిలో మన డబ్బుంది, చల్లిన చేతుల కష్టముంది. వేళకు నీళ్లు, వేళకు ఎరువు, కౌలుదారుకు గుర్తింపు: ఈ మూడూ ఊరూరా అడుగుదాం, కలిసి అడుగుదాం.