ట్యాబ్‌లో దించిన ఆట దాగేదెక్కడ?

జగిత్యాల, కోరుట్ల పల్లెల్లో గల్ఫ్ నుండి సెలవు మీద వచ్చే మనిషి పెట్టెలో ఒకప్పుడు టేప్‌రికార్డరు ఉండేది. ఆ తర్వాత వీసీఆర్ వచ్చింది, రంగు టీవీ వచ్చింది. ఇప్పుడు పిల్లల కోసమని ట్యాబ్ వస్తున్నది. ట్యాబ్ అంటే బడిపలకంత ఉండే పెద్ద ఫోన్. మస్కట్‌లోనో దుబాయిలోనో ఉన్న కొడుకు ముఖం ఫోన్‌లో కన్నా ఇందులో పెద్దగా కనిపిస్తుంది గనుక ఇంట్లో ముసలివాళ్లకు కూడా అదంటే ప్రీతే. సిరిసిల్లలో సాంచాల మీద పనిచేసే కార్మికులు వాయిదాల మీద కొని పిల్లల చేతికిచ్చిన ట్యాబ్‌లకూ కొదవ లేదు.

అయితే ఏడాది తిరక్కముందే ఆ ట్యాబ్ మొరాయిస్తుంది. ఫొటో తీయబోతే ‘స్టోరేజ్ ఫుల్’ అంటుంది. బాపు పంపిన ఫొటో వాట్సాప్‌లో దిగనంటుంది. రిపేరు దుకాణానికి పట్టుకుపోతే, “అన్నీ గేమ్‌లే నిండినయి” అన్న జవాబు వస్తుంది. ఇంటికి తెచ్చి తెర మీద ఎంత వెతికినా ఒక్క ఆటా కనిపించదు. పిల్లవాణ్ణి అడిగితే “నేను ఎప్పుడో తీసేసిన” అంటాడు. వాడు చెప్పేది అబద్ధం కాదు. తీసేశాననే అనుకుంటున్నాడు. ఆట మాత్రం లోపలే ఉన్నది.

ఈ యంత్రాలు మన ఇళ్లల్లోకి ఇంతగా రావడానికి కరోనా కాలమే ముఖ్య కారణం. బడులు మూతపడ్డాక 2020 సెప్టెంబరు 1 నుండి తెలంగాణలో దూరదర్శన్, టీ-శాట్ ద్వారా పాఠాలు మొదలయ్యాయి. టీవీ ఖాళీ లేని ఇళ్లల్లో ఫోన్, ట్యాబ్ దిక్కయ్యాయి. 2022లో సిరిసిల్ల ప్రాంతంలో ప్రభుత్వ కళాశాలల విద్యార్థులకు పాఠాలు నింపిన ట్యాబ్‌లు పంచారు. అదే ఏడాది డిసెంబరులో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఎనిమిదో తరగతి పిల్లలకు, ఉపాధ్యాయులకు కలిపి 5 లక్షలకు పైగా ట్యాబ్‌లు ఇచ్చింది. పాఠం కోసం వచ్చిన పలకలోకి ఆట దూరడం ఎక్కడైనా జరిగేదే. బీడీల చాట ఒళ్లో పెట్టుకుని కూర్చున్న తల్లికి చేతులు ఖాళీ ఉండవు. వెయ్యి బీడీల లెక్కన కూలి కట్టే పనిలో పిల్లవాడి వెంట తిరిగే తీరిక ఎక్కడిది? ట్యాబ్ చేతికిస్తే వాడు గంటసేపు కదలడు. ఆ తల్లిని తప్పు పట్టి లాభం లేదు. ఆ గంటలో ఏమి దిగిందో, ఎక్కడ దిగిందో చూసుకునే దారి మాత్రం ఆమెకు తెలిసి ఉండాలి.

విత్తనాల సంచి వేరు, పైరు వేరు

నెట్ నుండి ఆటను మన యంత్రంలోకి తెచ్చుకోవడాన్ని డౌన్‌లోడ్ అంటున్నారు. దించుకోవడం అన్నమాట. దించిన ఆటకు మూడు ఆనవాళ్లు ఉండవచ్చు. రైతుకు ఇది చెప్పడం తేలిక. పొలం గట్టు మీద విత్తనాల కంపెనీ పాతిన బోర్డు ఒకటి, పొలంలో పైరు ఒకటి, ఇంట్లో మిగిలిన విత్తనాల సంచి ఒకటి. బోర్డు పీకేస్తే పైరు పోదు. సంచి కాల్చేసినా పైరు పోదు.

ట్యాబ్ తెర మీద కనిపించే చిన్న బొమ్మ ఆ బోర్డు వంటిది. దాన్ని వేలితో అదిమి పట్టుకుంటే రెండు మాటలు కనిపిస్తాయి. ‘రిమూవ్’ అన్నది నొక్కితే బొమ్మ ఒక్కటే పోతుంది. ‘అన్‌ఇన్‌స్టాల్’ అన్నది నొక్కితేనే ఆట పోతుంది. మన పిల్లలు చాలామంది రిమూవ్ నొక్కి ఆట తీసేశామనుకుంటారు. తెర శుభ్రంగా ఉండి లోపల జాగా లేకపోవడంలోని మర్మం చాలావరకు ఇంతే.

ఇక అసలు ఆట ఉండేచోటు ఫైళ్లు చూపే గదిలో మనకు కనబడదు. ఆండ్రాయిడ్ తయారుచేసినవారు దానికి తాళం వేసిన గది ఒకటి పెట్టారు. పెద్ద ఆటలు తమ బొమ్మల సరంజామాను ‘ఆండ్రాయిడ్’ అనే ఫోల్డరులో మరో మూలన కూడా పెట్టుకుంటాయి. ఆండ్రాయిడ్ 11 వచ్చిన తర్వాత ఆ మూలకూ మామూలు వాళ్లు పోలేకుండా అడ్డు కట్టారు. కనుక ఫైళ్లలో పడి గంటలకొద్దీ వెతకడం దండగ. ఆటను ఆటలున్న చోటే వెతకాలి.

వెతికే తోవ

మొదట తెర అడుగు నుండి పైకి వేలితో నెట్టాలి. ట్యాబ్‌లో ఉన్న యాప్‌లన్నీ వరుసగా కనిపిస్తాయి. పైన వెతికే పెట్టె ఉంటుంది, అందులో ఆట పేరులోని రెండక్షరాలు కొడితే చాలు. ఇక్కడ కూడా దొరక్కపోతే సెట్టింగ్స్‌లోకి వెళ్లి ‘యాప్స్’ అన్నది తెరవాలి. కొన్ని కంపెనీల ట్యాబ్‌లలో యాప్‌ను తెర మీద కనపడకుండా దాచే వీలుంది, పిల్లలకు అది ఇట్టే తెలిసిపోతుంది. అట్లా దాచినది కూడా సెట్టింగ్స్ జాబితాలో మాత్రం పట్టుబడుతుంది.

మూడో తోవ ప్లే స్టోర్. ఆటలమ్మే అంగడి అనుకోండి, చాలా ఆటలు ఊరికే ఇస్తారు. అందులో పైన మూలకు గుండ్రని బొమ్మ ఉంటుంది. దాన్ని నొక్కి ‘మేనేజ్ యాప్స్ అండ్ డివైస్’, ఆపైన ‘మేనేజ్’ అన్నచోటికి వెళితే ఏ ఆట ఎంత జాగా తింటున్నదో పేరుపేరునా లెక్క వస్తుంది. అక్కడే ‘నాట్ ఇన్‌స్టాల్డ్’ అన్న జాబితా కూడా ఉంది. ఇంతకు ముందెప్పుడో దించి తీసేసిన వాటి పేర్లు అందులో ఉంటాయి. ఇంటి పెద్దకు ఇది పనికొచ్చే చిట్టా. పిల్లవాడు పోయిన నెలల్లో ఏమేమి ఆడాడో అందులో చాలావరకు తెలిసిపోతుంది.

ఇంకో తికమక ఉన్నది. జాగా తగ్గినప్పుడు, చాలాకాలంగా ముట్టని ఆటను ట్యాబ్ తనంతట తానే కుదించి పెట్టే ఏర్పాటు ఈమధ్య వచ్చింది. బొమ్మ అట్లాగే ఉంటుంది, దాని మీద చిన్న మబ్బు గుర్తు పడుతుంది. ఆట పోయిందని బెంగ అక్కర్లేదు. నొక్కితే మళ్లీ దిగుతుంది, కాకపోతే నెట్ ఖర్చవుతుంది. అన్నదమ్ములిద్దరూ ఒకే ట్యాబ్ వాడే ఇంట్లో ఇద్దరికీ వేరువేరు ‘యూజర్’ పేర్లు పెట్టి ఉంటే, అన్న దించుకున్న ఆట తమ్ముడి వైపు కనిపించదు. పైనుండి కిందికి తెర లాగితే ఎవరి వైపు ఉన్నామో తెలుస్తుంది.

ఆపిల్ కంపెనీ ఐప్యాడ్ మన వైపు తక్కువే అయినా గల్ఫ్ నుండి కొందరు తెస్తున్నారు. అందులో సెట్టింగ్స్, జనరల్, ఐప్యాడ్ స్టోరేజ్ అని వరుసగా వెళితే ఇదే లెక్క దొరుకుతుంది.

ఫొటోలు పోయి ఆటలు మిగిలె

జాగాను జీబీలలో కొలుస్తారు. అట్టపెట్టె మీద 32 అని రాసి ఉన్నా, యంత్రం నడవడానికి కావలసిన సరుకే అందులో కొంత ఆక్రమించుకుంటుంది. పెద్ద ఆట ఒక్కటే ఒక జీబీకి పైగా తినగలదు. ప్లే స్టోర్‌లో చూపిన తూకం చూసి చిన్నదే కదా అనుకుంటే, తెరిచిన తర్వాత అది మిగతా సరంజామా దించుకోవడం మొదలుపెడుతుంది.

జాగా నిండిందన్న హెచ్చరిక వచ్చినప్పుడు పిల్లలు చేసే పని ఒకటున్నది. ఆట జోలికి పోరు. గ్యాలరీ తెరిచి ఫొటోలు, వీడియోలు తీసేస్తారు. వాళ్లకవి పాతవి. అవి చెల్లె పెండ్లికి రాలేకపోయిన బాపు అక్కడి క్యాంపు గదిలో కూర్చుని మాట్లాడి పంపిన వీడియోలు కావచ్చు. తాత చివరి ఫొటో కావచ్చు. రెండు జీబీల ఆట కోసం ఇవి బలి అవుతున్నాయి.

అట్లా పోయినవాటి మీద వెంటనే ఆశ వదులుకోనక్కర్లేదు. చాలా ట్యాబ్‌లలో గ్యాలరీకి ఒక చెత్తబుట్ట ఉంటుంది. తీసేసిన ఫొటోలు సాధారణంగా 30 రోజులు అందులో పడి ఉంటాయి. గడువు లోపల చూసుకుంటే వెనక్కి తెచ్చుకోవచ్చు.

జాగా కావాలంటే సెట్టింగ్స్‌లో ఆట పేరు నొక్కి ‘స్టోరేజ్’ చూడాలి. అక్కడ ‘క్లియర్ క్యాష్’ అన్నది నిరపాయం. అది ఊడ్చి పారేసే చెత్త వంటిది. పక్కనే ఉండే ‘క్లియర్ డేటా’ నొక్కితే మాత్రం ఆటలో పిల్లవాడు గెలుచుకున్నదంతా పోయే ప్రమాదముంది. నెట్ ఖాతాలో భద్రపరిచి ఉంటేనే తిరిగి వస్తుంది. వాడికి చెప్పకుండా నొక్కితే ఆ పూట ఇంట్లో అన్నం ముట్టడు, అది వేరే గొడవ.

ప్రభుత్వం ఒక ఆటను నిషేధిస్తే అది మన ట్యాబ్‌లోంచి దానంతటదే పోతుందన్న అభిప్రాయం కూడా సరికాదు. 2020 సెప్టెంబరు 2న పబ్‌జీతో కలిపి 118 యాప్‌లను కేంద్రం నిషేధించింది. స్టోర్‌లోంచి ఆట మాయమైంది. అప్పటికే దించుకున్నవారి యంత్రాల్లో మాత్రం అట్లాగే ఉండిపోయింది. అక్టోబరు 30న కంపెనీ మన దేశంలో ఆటనే ఆపివేసింది. ఆ తర్వాత కూడా, ఎవరికివారు తీసేస్తే తప్ప అది జాగాను ఆక్రమించుకునే ఉన్నది.

సంచి వెంట వచ్చే దొంగ

విత్తనాల సంచి మాట పైన చెప్పుకున్నాం. ప్లే స్టోర్ నుండి దించిన ఆటకు ఆ సంచి మన కంట పడదు. కాగా వాట్సాప్‌లో ఎవరో పంపినదో, ఏదో వెబ్‌సైట్ నుండి లాగినదో అయితే ‘ఏపీకే’ అనే తోకతో ఒక ఫైలు దిగుతుంది. ఫైల్స్ అన్న యాప్ తెరిచి ‘డౌన్‌లోడ్స్’లో చూస్తే చాలాసార్లు అది కనిపిస్తుంది. ఆట ఎక్కించిన తర్వాత కూడా అది అక్కడే పడి ఉంటుంది. దాన్ని తీసేస్తే కొంత జాగా వస్తుంది గానీ ఎక్కిన ఆట పోదు. రెండూ విడివిడిగా తీయాలి.

ఈ ఏపీకే ఫైళ్ల విషయంలో భయపడవలసిన మాటే ఉంది. ట్రాఫిక్ చలానా అనీ, పీఎం కిసాన్ అనీ, పెండ్లి పత్రిక అనీ పేర్లు పెట్టి మోసగాళ్లు ఇవే పంపుతున్నారు. ఉచిత ఆట అన్న పేరు పిల్లలకు వేసే ఎర. ఎక్కించగానే అది మెసేజీలు చదవడానికి అనుమతి అడుగుతుంది. సరే అని నొక్కితే బ్యాంకు నుండి వచ్చే ఓటీపీ అవతలివాడి చేతికి పోతుంది. ట్యాబ్‌లో సిమ్ వేసి, అదే నంబరును బ్యాంకుకు ఇచ్చినవారు మరింత జాగ్రత్తగా ఉండాలి. గల్ఫ్ నుండి వచ్చే డబ్బు పడే ఖాతా అదే అయితే చెప్పనక్కర్లేదు.

సెట్టింగ్స్‌లో ‘ఇన్‌స్టాల్ అన్‌నోన్ యాప్స్’ అని ఒకచోట ఉంటుంది. వాట్సాప్‌కు, క్రోమ్‌కు ఎదురుగా ఉన్న అనుమతి అక్కడ ఆపేస్తే వాటి ద్వారా వచ్చిన ఏపీకే ఎక్కదు. డబ్బు పోయిందని తెలిసిన మరుక్షణం 1930 నంబరుకు ఫోన్ చేయాలి. ఎంత తొందరగా చేస్తే ఆ డబ్బును దారిలో ఆపడానికి అంత వీలుంటుంది.

ఏపీకేల రూపంలో వచ్చే మరో రకం పందెం ఆటలు. 1974 నాటి గేమింగ్ చట్టాన్ని తెలంగాణ 2017లోనే సవరించి, డబ్బు పెట్టి ఆడే రమ్మీ వంటి ఆన్‌లైన్ ఆటలను నిషేధించింది. 2025 ఆగస్టులో పార్లమెంటు దేశమంతటికీ చట్టం చేసింది. ఇటువంటి ఆటలు నడిపేవారికి మూడేళ్ల వరకు జైలు, కోటి రూపాయల వరకు జరిమానా విధించవచ్చు. అయినా దొడ్డిదారిన దించుకుంటున్నవారు ఉన్నారు. వీటిని పట్టుకోవడం కొంచెం కష్టమే. కొన్ని అసలు దిగనే దిగవు. క్రోమ్‌లోనే తెరుచుకుని ఆడతారు, తెర మీద దాని బొమ్మ ఒక్కటే ఉంటుంది. అటువంటప్పుడు యాప్‌ల జాబితా కన్నా క్రోమ్‌లోని ‘హిస్టరీ’, బ్యాంకు పాస్‌బుక్కు ఎక్కువ సంగతులు చెబుతాయి.

చిన్నపిల్లల ట్యాబ్‌లో ప్లే స్టోర్ సెట్టింగ్స్‌కు వెళ్లి ‘ఫ్యామిలీ’ కింద ‘పేరెంటల్ కంట్రోల్స్’ పెట్టి, నాలుగంకెల పిన్ వేసుకోవచ్చు. వయసుకు తగని ఆట అప్పుడు దిగదు. కొనుగోలుకు పాస్‌వర్డ్ అడిగే ఏర్పాటు కూడా అక్కడే ఉంది. పిన్‌గా పిల్లవాడు పుట్టిన సంవత్సరం పెట్టుకున్న ఇళ్లు చాలానే ఉంటాయి. మొదట వాడు కొట్టి చూసేది అదే.

ఇంత చేసినా ట్యాబ్ కదలకపోతే దుకాణంలో ‘రీసెట్’ కొడతామంటారు. కొట్టేముందు ఫొటోలు, వీడియోలు వేరేచోటికి ఎక్కించారో లేదో కూర్చుని చూసుకోవాలి. ట్యాబ్‌కు వాడే గూగుల్ ఖాతా పేరు, పాస్‌వర్డ్ కాగితం మీద రాసుకుని ఉండాలి, అవి లేకపోతే రీసెట్ తర్వాత ట్యాబ్ తెరుచుకోకపోవచ్చు. ఆ ఖాతా మళ్లీ వేయగానే ఆటల పేర్లు ప్లే స్టోర్ చిట్టాలో అట్లాగే ఉంటాయి. ఏవి మళ్లీ దించాలో అప్పుడు పిల్లవాణ్ణి పక్కన కూర్చోబెట్టుకుని ఎంచుకోవచ్చు.