కొబ్బరి చెట్టు మొదట్లో ఉప్పు పోస్తున్నారా? పల్నాడు నేలల్లో అసలు ఏం వేయాలి?

ఈరోజు మన టాపిక్ కొబ్బరి చెట్టు. "పల్నాడులో కొబ్బరి ఏంటన్నా, మిర్చి గురించి చెప్పు" అంటారని నాకు తెలుసు. నిజమే, మనది కోనసీమ కాదు. కానీ నరసరావుపేటలో ఇంటి వెనకాల ఒకటి, మాచర్ల వైపు బోరు పక్కన రెండు, సాగర్ కుడి కాలువ కింద గట్ల మీద నాలుగు... ఇలా చెట్లు చాలానే ఉన్నాయి. వాటికి ఏం వేయాలో ఎవరూ సరిగ్గా చెప్పరు.

గురజాల నుంచి ఒక తమ్ముడు మెసేజ్ పెట్టాడు. వాళ్ళింట్లో చెట్టుకి పిందెలన్నీ రాలిపోతున్నాయంట. ఏదో రీల్ చూసి వాళ్ళ నాన్న పది కేజీల కల్లుప్పు తెచ్చారు. "మొదట్లో పోసేయమంటారా అన్నా?" అని అడిగాడు. ముందు ఆ సంచి పక్కన పెట్టు తమ్ముడూ, చెప్తా.

ఉప్పు మాట పూర్తిగా అబద్ధం కాదు, అందుకే జనం నమ్ముతారు. ఉప్పంటే సోడియం, క్లోరిన్. కొబ్బరికి క్లోరిన్ నిజంగానే కావాలి. ఫిలిప్పీన్స్‌లో సముద్రానికి దూరంగా ఉన్న తోటలకి ఉప్పు వేయమని అక్కడి ప్రభుత్వ కొబ్బరి సంస్థే చెప్తుంది. అంటే చెట్టుకి పనికొచ్చేది అందులో ఉన్న క్లోరిన్. మరి సోడియం ఏం చేస్తుంది? మన నల్లరేగడిలో బంకమట్టి ఎక్కువ. అందులో సోడియం పేరుకుంటే మట్టి రేణువులు విడిపోయి సందులన్నీ మూసుకుపోతాయి. నీళ్ళు పోస్తే కిందకి దిగవు, ఎండితే రాయిలా గట్టిపడుతుంది. తీరం దగ్గర ఇసుక నేలల్లో వానకి ఉప్పు కొట్టుకుపోతుంది, మన దగ్గర అలా పోదు. కొబ్బరి ఎలాగో తట్టుకున్నా, పక్కనే ఉన్న కరివేపాకు, నిమ్మ చెట్టు మాత్రం తట్టుకోవు.

మరి క్లోరిన్ ఎలా? ఎరువుల షాపులో మ్యూరేట్ ఆఫ్ పొటాష్ అని దొరుకుతుంది, ఎర్రగా ఉంటుంది, అందరూ ఎర్ర పొటాష్ అంటారు. అందులో దాదాపు సగం క్లోరినే. ఏడాదికి రెండు కేజీలు వేస్తే, కేజీన్నర ఉప్పులో ఉన్నంత క్లోరిన్ చెట్టుకి అందినట్టే. సోడియం బాధ లేదు, పైగా పొటాష్ కూడా వస్తుంది.

అసలు కొబ్బరి ఎక్కువగా అడిగేది ఆ పొటాషే. మన వాళ్ళేమో మిర్చికి, పత్తికి వేయగా మిగిలిన యూరియా, డీఏపీ తెచ్చి దీనికీ చల్లేస్తారు. మట్టలు పచ్చగా కనపడతాయి, కాయ మాత్రం రాదు. కింది మట్టల కొసలు పసుపుగా మారి ఎండుతున్నాయా? కాయ చిన్నదై, లోపల కొబ్బరి పల్చగా ఉందా? అయితే ముందు పొటాష్ లోపమేమో చూడండి.

ఇప్పుడు లెక్క రాసుకోండి, లేదా స్క్రీన్‌షాట్ తీసుకోండి. కాసరగోడ్‌లో కేంద్ర ప్రభుత్వ పరిశోధన సంస్థ ఉంది, సీపీసీఆర్‌ఐ అంటారు. వాళ్ళు కాపుకొచ్చిన చెట్టుకి ఏడాదికి 500 గ్రాముల నత్రజని, 320 గ్రాముల భాస్వరం, 1200 గ్రాముల పొటాష్ చెప్తారు. షాపు భాషలో అంటే యూరియా కేజీ పైన వంద గ్రాములు, సింగిల్ సూపర్ ఫాస్ఫేట్ 2 కేజీలు, ఎర్ర పొటాష్ 2 కేజీలు. దీంతో పాటు బాగా చివికిన పశువుల ఎరువు 25 నుంచి 50 కేజీలు. పచ్చి పేడ మాత్రం వద్దు, చెట్టు పక్కన పెంటకుప్ప అసలే వద్దు. కొమ్ము పురుగు పెరిగేది అందులోనే, అది మొవ్వు తొలిచిందంటే ఎరువు గోల పక్కకి పోయి కొత్త గోల మొదలవుతుంది. చిన్న మొక్కకి ఇదంతా పోయకండి. మొదటి ఏడు ఇందులో పదో వంతు, రెండో ఏడు మూడో వంతు, మూడో ఏడు మూడింట రెండు వంతులు, నాలుగో ఏడు నుంచి పూర్తి మోతాదు.

ఒకేసారి వేయొద్దు. తొలకరి పడి నేల తడిశాక జూన్, జులైల్లో సగం, సెప్టెంబర్, అక్టోబర్‌లో మిగతా సగం. రెంటచింతల ఎండలు తెలిసిన వాళ్ళకి వేరే చెప్పక్కర్లేదు, ఎండిన నేలలో ఎరువు వేస్తే వేర్లకి దెబ్బ.

ఇంకో తప్పు, కాండం మొదట్లో కుప్పగా పోయడం. తిండి లాగే వేర్లు అక్కడ ఉండవు. కాండం నుంచి ఐదారడుగుల దూరంలో చుట్టూ గాడి తీసి, వేసి, మట్టి కప్పి, నీళ్ళు పెట్టాలి. మట్టి ఎందుకు కప్పాలి అంటే, పిడుగురాళ్ల సున్నపు బట్టీలు చూశారు కదా, మన నేలల్లో చాలాచోట్ల సున్నం ఎక్కువ. అలాంటి నేల మీద యూరియా పైపైన చల్లితే అమ్మోనియాగా మారి గాల్లోకి పోతుంది. మీ డబ్బులే అలా ఎగిరిపోతాయి.

వేసవిలో నీళ్ళు తప్పకుండా కావాలి. పెద్ద చెట్టుకి నాలుగు రోజులకోసారి 200 లీటర్లు పాదులో పెడితే సరిపోతుంది. బోండాం తాగాక డొక్కలు పారేయకండి, గుంట వైపు పైకి ఉండేలా పాదులో పూడ్చండి. తేమ నిలుస్తుంది, వాటిలో ఉన్న పొటాష్ కూడా నేలకే చేరుతుంది.

ఇక గురజాల తమ్ముడికి ఒక మాట. పిందె రాలడానికి ఎరువు ఒక్కటే కారణం కాదు. మార్చి నుంచి మే వరకు నీళ్ళు ఎలా పెట్టారో ముందు గుర్తు చేసుకో. దగ్గరున్న రైతు సేవా కేంద్రంలో అడిగి మట్టి పరీక్ష చేయించు, బోరు నీళ్ళు కూడా చూపించు. నీళ్ళలోనే ఉప్పు ఉంటే కథ వేరే. ఇంకోటి, వచ్చే నెలకే గెలలు దిగుతాయని ఆశపడొద్దు. మంచి చెట్టు నెలకో మట్ట వేస్తుంది, ఒక్కో మట్ట పంగలో ఒక్కో గెల. ఆ పూగెల బయటికి రాకముందే రెండేళ్ళకి పైగా లోపలే తయారవుతుంది, వచ్చాక కాయ ముదరడానికి ఇంకో పదకొండు, పన్నెండు నెలలు. అంటే ఈ జూన్‌లో వేసింది కాపులో పూర్తిగా కనపడాలంటే రెండు మూడేళ్ళు ఆగాలి. మీ నాన్నకి ఈ లెక్క చెప్పు. ఆ కల్లుప్పు అమ్మకిస్తే ఆవకాయకి పనికొస్తుంది.